మగ్గానికి రక్ష ఉంది, మగ్గం గుంటకు లేదు

(చీరాల ప్రాంతంలో చేనేత కుటుంబాల కోసం జరిగిన న్యాయ అవగాహన సభలో ఒక సీనియర్ న్యాయవాది ప్రసంగం. మాట్లాడిన తీరును వీలైనంత వరకు అలాగే ఉంచాం.)

అందరికీ నమస్కారం. అమ్మా, వెనకాల గోడ దగ్గర నిలబడ్డవాళ్ళు కాస్త ముందుకొచ్చి కూర్చోండి. ఈ మాటలు ముఖ్యంగా మీకే చెప్పాలి. కోర్టు అమీను ఇంటికొచ్చినప్పుడు మగవాళ్ళు పడుగు తేవడానికో, కూలి డబ్బులు అడగడానికో బయటికెళ్ళి ఉంటారు. తలుపు తీసేది మీరే. ఆ కాగితం మీద సంతకం పెట్టాలా వద్దా అని గుమ్మంలో నిలబడి భయపడేదీ మీరే.

ఒక ఇంటి సంగతితో మొదలుపెడతాను. ఇది జరిగి చాలా ఏళ్ళయింది. ఊరు పేరు, మనిషి పేరు చెప్పను. ఒకావిడ ప్లాస్టిక్ కవర్లో కాగితాలు పెట్టుకుని నా ఆఫీసుకొచ్చింది. ఆ కవర్లో ఉన్నవన్నీ కోర్టు కాగితాలే. సమన్లు, డిక్రీ అనే కోర్టు తీర్పు కాపీ, ఈ.పి. నోటీసు (డిక్రీని అమలు చేయమని వేసిన పిటిషన్ నోటీసు), వేలం ప్రకటన. ఒక్కటి కూడా విప్పి చదివిన గుర్తు లేదు. భర్త గుంట మగ్గం మీద నేస్తాడు. కూతురి పెళ్ళికి 80,000 ప్రోనోటు మీద తెచ్చారు. వడ్డీ నూటికి మూడు రూపాయలు. అంటే నెలకు 2,400. పద్నాలుగు నెలలు వడ్డీ కట్టారు. ప్రోనోటు వెనక ఒక్క చెల్లు, అంటే డబ్బు ముట్టినట్టు రాత, కూడా వేయించుకోలేదు. తర్వాత ఆయనకు జబ్బు చేసి మగ్గం ఆగింది, వడ్డీ ఆగింది, అప్పిచ్చినాయన దావా వేశాడు. పోస్ట్‌మాన్ కోర్టు సమన్లు తెస్తే "మాకొద్దు" అని తిప్పి పంపేశారు. తీసుకోకపోతే కేసు నడవదని పక్కింటివాళ్ళు చెప్పారట.

ఆ మాట నమ్మకండి. తిప్పి పంపినా అందినట్టే లెక్క, చట్టం అలాగే చూస్తుంది. మీరు కోర్టుకు వెళ్ళకపోతే ఎక్స్ పార్టీ డిక్రీ, అంటే మీ మాట వినకుండానే తీర్పు, అయిపోతుంది. వీళ్ళకూ అదే అయింది. ఇల్లు జప్తు చేశారు, వీధిలో టముకు వేశారు, తలుపు మీద కాగితం అంటించారు, వేలం వేశారు. ఆవిడ నా దగ్గరికి వచ్చేసరికి వేలమై 71 రోజులు. వేలం రద్దు చేయమని అడగడానికి గడువు 60 రోజులు. పదకొండు రోజులు ఆలస్యం.

నేను ఆ ఇంటికి వెళ్ళాను. ఆ రోజు నేను చూసింది ఇప్పటికీ మర్చిపోలేదు. ముందు గదిలో నేలలో మగ్గం గుంట. పై అంచున ఆయన కూర్చునే చోటు నున్నగా అరిగిపోయి ఉంది. గుంటలో తొక్కుడు చెక్కలు, పక్కన చిన్న మట్టి గూడు. ఆ గూట్లో నాడెలు, కండెలు పెట్టుకునేవాడు. ఆ గుంట వాళ్ళ నాన్న తవ్వాడట. కోర్టు నుంచి వచ్చినాయన మంచి మనిషే. "మగ్గం మీదేనయ్యా, మగ్గాన్ని చట్టం ముట్టుకోదు, తీసుకెళ్ళండి" అన్నాడు. అప్పుడు ఆ నేతన్న నన్ను అడిగాడు: "సార్, మగ్గం ఇప్పి తీసుకెళ్తా. గుంట ఎట్టా తీసుకెళ్ళాలి?"

నా దగ్గర జవాబు లేదు. ఆ ప్రశ్న కోసమే ఈ రోజు ఇక్కడికి వచ్చాను.

సివిల్ ప్రొసీజర్ కోడ్ అని ఒక చట్టం ఉంది, 1908 నాటిది. అందులో 60వ సెక్షన్. డిక్రీ వచ్చాక అప్పు పడ్డవాడి ఆస్తిలో ఏది జప్తు చేయవచ్చో, ఏది చేయకూడదో ఆ సెక్షన్ చెబుతుంది. జప్తు చేయకూడని వాటి జాబితా చదివితే ఆ రాసినవాళ్ళకు ఇల్లంటే ఏమిటో తెలుసనిపిస్తుంది. ఒంటి మీద బట్టలు, వంట పాత్రలు, మంచం, పరుపు. మతాచారం ప్రకారం ఆడమనిషి ఒంటి మీంచి తీయకూడని నగ, అంటే మన దగ్గర మంగళసూత్రం. వృత్తి చేసుకునేవాడి పనిముట్లు. రైతయితే నాగలి, బతకడానికి అవసరమైన పశువులు, విత్తనాలు. మీ మగ్గం ఈ పనిముట్ల మాట కిందికే వస్తుంది. పెళ్ళాం మెడలో తాళి, పొయ్యి మీద గిన్నె, చేతిలో నాడె, వీటి జోలికి ఎవరూ రాకూడదు.

ఆ తర్వాత ఇల్లు. ఇక్కడ జాగ్రత్తగా వినాలి. రైతు, కూలి పని చేసేవాడు, ఇళ్ళలో పని చేసేవాళ్ళు, ఈ ముగ్గురూ ఉంటున్న సొంత ఇంటిని, దాని స్థలాన్ని, దాన్ని ఆనుకుని ఇంటి వాడకానికి అవసరమైన జాగాను జప్తు చేయకూడదు, వేలం వేయకూడదు. మొదట రైతుకే ఉండేది. 1976లో చట్టాన్ని సవరించినప్పుడు కూలివాణ్ణి, ఇంటిపనివాళ్ళను కూడా చేర్చారు. రైతంటే పట్టా ఉన్నవాడే అనుకోకండి. సొంతదారైనా, కౌలుదారైనా, వ్యవసాయ కూలీ అయినా సరే, సేద్యం మీదే ప్రధానంగా బతికేవాడు రైతే అని ఆ సెక్షన్ వివరణలోనే రాసి ఉంది. కౌలు రైతుకు ఈ సంగతి చెప్పినవాళ్ళు ఎంతమంది?

ఇంకో మాట కూడా అప్పుడే చేర్చారు. "నా ఇంటికి ఉన్న రక్షణ నాకు అక్కర్లేదు" అని మీ చేత ఎవరైనా రాయించుకున్నా ఆ రాత చెల్లదు. ప్రోనోటుతోపాటు ఇంకో కాగితం మీద సంతకం పెట్టించుకుని "ఇల్లు కూడా రాసిచ్చావు కదా" అని బెదిరించేవాళ్ళుంటారు. ఆ బెదిరింపుకు లొంగకండి.

ఈ రక్షణలు ఊరికే రాలేదు. 1875లో పూణె, అహ్మద్‌నగర్ జిల్లాల్లో రైతులు వడ్డీ వ్యాపారుల ఇళ్ళ మీద పడి అప్పు పత్రాలు తగలబెట్టారు. నాలుగేళ్ళ తర్వాత, 1879లో, అక్కడి రైతుల కోసం ప్రభుత్వం ప్రత్యేక చట్టం తెచ్చింది. ఈ ప్రాంతం మద్రాసులో ఉన్నప్పుడు 1938లో రైతుల అప్పుల భారం తగ్గించే చట్టం వచ్చింది. రైతు గోడు కొంతైనా చట్టం దాకా వెళ్ళింది. నేతన్న గోడు అంత దూరం వెళ్ళలేదు.

అందుకే 60వ సెక్షన్‌లో మగ్గం ఉంది, మగ్గం ఉన్న ఇల్లు లేదు. రాసినవాళ్ళు పనిముట్టు అంటే చేత్తో పట్టుకుపోయేదే అనుకుని ఉంటారు. గుంట మగ్గానికి నేలే సగం. వానాకాలం గుంటలోకి నీళ్ళూరితే పని ఆగిపోతుందని మీకు తెలుసు. అద్దె ఇంట్లో గుంట తవ్వనిచ్చే యజమాని ఎక్కడ దొరుకుతాడు? ఇల్లు వేలం వేసి మగ్గం చేతికిస్తే ఆ నేతగాడికి కట్టెలు, తాళ్ళు ఇచ్చినట్టే. పనిముట్టును కాపాడాలన్నది చట్టం ఉద్దేశమైతే, ఆ పనిముట్టు పాతుకున్న ఇంటిని వదిలేస్తే ఆ ఉద్దేశం నెరవేరదు. ఈ మాట నేను ముప్పై ఏళ్ళుగా కోర్టులో చెబుతున్నాను. ఇప్పుడు మీ ముందు చెబుతున్నాను.

అలాగని చేతులు ముడుచుకుని కూర్చోవద్దు. మీలో చాలామంది సొంత సరుకు నేయరు. మాస్టర్ వీవర్ పడుగు ఇస్తాడు, పేక ఇస్తాడు, మీరు నేసి చీరకింత అని కూలి తీసుకుంటారు. అంటే మీరు ఒళ్ళు వంచి కూలి మీద బతికే మనుషులు. చట్టంలో ఉన్న కూలివాడు అన్న మాట మీకూ వర్తించాలని వాదించవచ్చు, వాదించి తీరాలి. ప్రతి కోర్టూ ఒప్పుకుంటుందని నేను మాటివ్వలేను. కానీ అడగనివాడికి ఏ కోర్టూ ఇవ్వదు. చేనేత గుర్తింపు కార్డు, కూలి పుస్తకం, ఉపాధి హామీ జాబ్ కార్డు, ఇంటి పన్ను రసీదు, అన్నీ ఒకచోట పెట్టుకోండి. "నేను కూలికి నేస్తాను, ఈ ఇంట్లోనే ఉంటాను" అని నిరూపించాల్సింది మీరే.

అన్నిటికంటే ముఖ్యం, ఎప్పుడు అడగాలి అన్నది. జప్తు నోటీసు రాగానే అడగాలి. వేలం ప్రకటన తయారయ్యే ముందే అభ్యంతరం వేయాలి. అప్పుడు చెప్పగలిగిన సంగతిని అప్పుడు చెప్పకుండా వేలం అయ్యాక చెబితే కోర్టు వినదు, ఆ సివిల్ ప్రొసీజర్ కోడ్‌లోనే ఆర్డర్ 21, రూల్ 90లో స్పష్టంగా ఉంది. నేను చూసిన కేసుల్లో ఇళ్ళు పోయింది ఎక్కువగా చట్టం లేక కాదు, నోటీసు వచ్చినప్పుడు భయంతో, సిగ్గుతో ఎవరికీ చెప్పుకోక.

ఇల్లు కాపాడుకోవడానికి ఇంకా కొన్ని దార్లున్నాయి. ఎక్స్ పార్టీ డిక్రీ అయితే, దాన్ని రద్దు చేయమని 30 రోజుల్లో అడగవచ్చు. అప్పు నిజమే, కట్టాలని మనసుంది, ఒక్కసారి కట్టలేను అంటే, డిక్రీ ఇచ్చేటప్పుడే వాయిదాలు అడగండి. దావాలో హాజరైనవాడికే ఆ అవకాశం. వేలం ప్రకటన ముందు ఇంటి విలువ ఎంతని మిమ్మల్ని కూడా అడుగుతారు. అప్పు ఇచ్చినాయన తక్కువ చేసి ఆరు లక్షలంటాడు. మీరు నోరు తెరవకపోతే ఆ ఆరు లక్షల మాటే కాగితం మీద మిగులుతుంది. పక్క వీధిలో ఈమధ్య రిజిస్టరైన దస్తావేజు కాపీ తెచ్చి మీ విలువ మీరు రాయించండి.

ఆ ఆర్డర్ 21లోనే రూల్ 64 అని ఒకటుంది. డిక్రీ తీరడానికి ఎంత అమ్మాలో అంతే అమ్మాలి. మన ఆంధ్ర నుంచి సుప్రీంకోర్టుకు వెళ్ళిన ఒక కేసులో, రెండు వేల చిల్లర డిక్రీ కోసం పదెకరాల పొలం వేలం వేశారు. అందులో కొంత ముక్క అమ్మితే సరిపోతుందా అని ముందు చూడటం కోర్టు బాధ్యత, అది కోర్టు ఇష్టాయిష్టాల మీద ఆధారపడదు అని 1989లో సుప్రీంకోర్టు చెప్పి ఆ వేలాన్ని కొట్టేసింది. మీ ఇంటి వెనక మూడు సెంట్ల ఖాళీ జాగా ఉంటే, ముందు అది అమ్మండి, ఇల్లు వదలండి అని అడిగే హక్కు మీకుంది.

వేలం అయిపోయినా 60 రోజులుంటాయి. వేలం ప్రకటనలో రాసిన బాకీ, దాంతోపాటు పాడుకున్నవాడికి పాట సొమ్ములో నూటికి అయిదు చొప్పున పరిహారం కోర్టులో కడితే వేలం రద్దవుతుంది. అన్నదమ్ములో, అల్లుడో సాయం చేయగలిగితే ఈ రెండు నెలల్లోనే చేయాలి. నేను చెప్పిన ఆవిడ తమ్ముడు డబ్బు తెచ్చాడు. పదకొండు రోజులు ఆలస్యంగా తెచ్చాడు.

డబ్బు కట్టడం గురించి ఒక్క మాట. డిక్రీ అయ్యాక అప్పిచ్చినాయన ఇంటికెళ్ళి చేతికిచ్చి రావద్దు. కోర్టు రికార్డులోకి ఎక్కని డబ్బును ఈ.పి. నడిపే కోర్టు లెక్కలోకి తీసుకోదు. కోర్టులో కట్టండి, లేదా బ్యాంకు ద్వారా పంపి రుజువు ఉంచుకోండి, కట్టిన 30 రోజుల్లో కోర్టులో నమోదు చేయించండి. డిక్రీకి ముందైతే ప్రోనోటు వెనక చెల్లు వేయించుకోండి. ఖాళీ ప్రోనోటు మీద సంతకం పెట్టకండి. అంకె మీరే మీ చేత్తో, అక్షరాల్లో రాయండి.

బ్యాంకుకు ఇల్లు తాకట్టు పెట్టినవాళ్ళూ ఇక్కడ ఉన్నారు. వాళ్ళకు నిజం చెప్పాలి. మీ చేత్తో మీరు తనఖా పెట్టిన ఇంటికి ఇప్పటిదాకా చెప్పిన రక్షణ వర్తించదు. 2002లో వచ్చిన సర్ఫేసీ చట్టం ప్రకారం బ్యాంకు కోర్టుకు వెళ్ళకుండానే ఇంటిని అమ్మవచ్చు. కానీ దానికీ మెట్లున్నాయి. 90 రోజులు కట్టకపోతే లోను ఎన్‌పీఏ, అంటే మొండి బాకీ, అవుతుంది. తర్వాత 60 రోజుల నోటీసు ఇస్తారు. ఆ నోటీసుకు మీరు రాతపూర్వకంగా జవాబిస్తే, ఎందుకు ఒప్పుకోవడం లేదో 15 రోజుల్లో బ్యాంకు కారణాలు చెప్పాలి. స్వాధీనం నోటీసు తలుపుకు అంటించాక, డీఆర్‌టీకి, అంటే అప్పుల వసూలు ట్రిబ్యునల్‌కు, వెళ్ళడానికి 45 రోజులు. మన వైపు వాళ్ళకు డీఆర్‌టీ విశాఖపట్నంలో ఉంది. సివిల్ కోర్టులో స్టే కోసం తిరిగితే ఆ 45 రోజులూ కరిగిపోతాయి, ఎందుకంటే సివిల్ కోర్టుకు ఇందులో అధికారం లేదు. మొదటిసారి వేలం వేసే ముందు 30 రోజుల నోటీసు ఇవ్వకపోతే ఆ వేలం నిలవదు. ఒకప్పుడు అమ్మకం పూర్తయ్యేదాకా బాకీ కట్టి ఇల్లు విడిపించుకోవచ్చు. 2016లో ఆ వీలు తగ్గించారు. వేలం ప్రకటన వెలువడక ముందే మొత్తం కట్టాలి. 2023లో సుప్రీంకోర్టు కూడా అదే చెప్పింది. కాబట్టి 60 రోజుల నోటీసు వచ్చిన రోజే మీ గడియారం మొదలైనట్టు.

ఇందులో రెండు మినహాయింపులు గుర్తుంచుకోండి. బాకీ లక్ష దాటకపోతే ఈ చట్టం వాడకూడదు. అసలు, వడ్డీ కలిపి అందులో నూటికి ఇరవై కన్నా తక్కువే మిగిలినా వాడకూడదు. చివరి వాయిదాల్లో ఉన్నవాళ్ళను కూడా వేలం అని భయపెట్టడం నేను చూశాను. అప్పుడు ఈ మాట చెప్పండి.

ఇవన్నీ ఒక ఎత్తు, ఇప్పుడు చెప్పేది ఒక ఎత్తు. మన ప్రాంతంలో అప్పుకు తనఖా రాయించుకోవడం తగ్గిపోయింది. ఏకంగా అమ్మకం దస్తావేజు రిజిస్టర్ చేయించుకుంటున్నారు. "అప్పు తీరాక తిరిగి రాసిస్తాలే" అని నోటిమాట. అమ్మా, దీనికి మాత్రం సరే అనకండి. కాగితం ప్రకారం మీరు ఇల్లు అమ్మేశారు. అప్పుడు జప్తు లేదు, వేలం లేదు, నోటీసు లేదు, అరవై రోజుల గడువు కూడా లేదు. తిరిగి రాసిస్తాననే షరతు అదే దస్తావేజులో లేకపోతే, చట్టం దాన్ని తనఖాగా చూడదు. 1929లోనే ఈ నిబంధన పెట్టారు. వేరే కాగితంలో రాసిచ్చినా ఆ బలం రాదు. వడ్డీ ఎక్కువైనా తనఖానే నయం, తనఖాలో ఇల్లు ఇంకా మీదే.

ఇక నా కోరిక. పంజాబ్, హర్యానాల్లో 60వ సెక్షన్‌కు చేర్చిన ఒక వాక్యం ఉంది. రైతు కానివాడికి కూడా, తాను ఉంటున్న ప్రధానమైన ఇల్లు ఒక్కటి జప్తు కాకూడదని. ఆ అప్పు కోసమే ప్రత్యేకంగా రాసిచ్చిన ఇంటికి మాత్రం ఇది వర్తించదని కూడా అందులోనే ఉంది. అమెరికాలో టెక్సాస్ ఇంకా వేరే దేశంగా ఉన్నప్పుడే, 1839లో, కుటుంబం ఉండే ఇంటిని మామూలు అప్పులకు అమ్మకూడదని చట్టం చేసుకున్నారు. డాలస్‌లో ఇల్లు కొనుక్కున్న మన పిల్లలకు ఆ రక్షణ ఉంది. ఇల్లు కొన్న లోనుకు, ఇంటి పన్నుకు మాత్రం లేదు. చీరాలలో వాళ్ళ తాతలు నేసిన ఇంటికి ఏ రక్షణా లేదు.

అలా చేస్తే అప్పులు పుట్టవని కొందరంటారు. ఆ మాట కొట్టిపారేయను. అప్పిచ్చేవాళ్ళందరూ వడ్డీ వ్యాపారులు కారు. భర్త పోయాక వచ్చిన డబ్బు వడ్డీకి తిప్పుకుని బతికే ఆడవాళ్ళను కూడా నేను చూశాను. వాళ్ళ బాకీ ఎగ్గొట్టమని నేను చెప్పను. కానీ ఇల్లు చూసి అప్పిచ్చేవాడికి తనఖా దారి ఎలాగూ తెరిచే ఉంటుంది. చేతి అప్పుకు, ప్రోనోటుకు, మనిషి సంపాదన చూసి ఇచ్చిన డబ్బుకు, ఆ సంపాదన వచ్చే చోటునే అమ్మేస్తే వసూలయ్యేది ఎంత? నేను చెప్పిన ఆ ఇల్లు పాడుకున్నాయన గుంట పూడ్చి, బండలు పరిచి, అద్దెకిచ్చాడు. ఆ నేతన్న ఒంగోలులో వాచ్‌మన్‌గా చేరాడు. నేత అక్కడితో ఆగింది.

సివిల్ ప్రొసీజర్ ఉమ్మడి జాబితాలో ఉంది కాబట్టి మన అసెంబ్లీ ఆ వాక్యం చేర్చవచ్చు. రాష్ట్రపతి ఆమోదం కావాలి, పంజాబ్‌కు వీలైంది మనకెందుకు కాదు? ఒక్క ఇల్లే, ఇన్ని సెంట్ల లోపే అని హద్దు పెట్టండి, అభ్యంతరం లేదు. చేతిమగ్గం నడిచే ఇల్లు అన్న మాట మాత్రం అందులో ఉండాలి. అర్జీ నేను రాసి తెచ్చాను. చదివి వినిపిస్తారు, నచ్చితేనే సంతకం పెట్టండి. ఖాళీ కాగితం మీద వద్దని ఇప్పుడే చెప్పాను కదా, నాకూ అదే వర్తిస్తుంది.

కోర్టు కాగితాలు తెచ్చుకున్నవాళ్ళు భోజనాల తర్వాత ఆ కిటికీ దగ్గర బల్ల వద్దకు రండి. తలుపు మీద అంటించినవి కూడా చింపకుండా తెచ్చి ఉంటే మంచిది, తేదీలు చూడాలి. లాయరుకు డబ్బులెక్కడివని ఆగిపోవద్దు. ఆడవాళ్ళకు, ఎస్సీ ఎస్టీలకు ఆదాయంతో నిమిత్తం లేకుండా ఉచితంగా లాయర్‌ను ఇస్తారు, మన కోర్టు ఆవరణలోనే న్యాయ సేవల కమిటీ ఉంది. ఫోన్ నంబరు 15100. మొదట ఈ.పి. నోటీసు వచ్చినవాళ్ళు, తర్వాత బ్యాంకు నోటీసులవాళ్ళు. వేలం తేదీ పడినవాళ్ళెవరైనా ఉంటే భోజనం దాకా ఆగకండి, ఇప్పుడే నా దగ్గరికి రండి.